కీరవాణి గారి సంగీతము

సినీమా పాటను గూర్చి మన గృహములలో రెండు విధములైన తీర్పులు వినవచ్చుచున్నవి. అది బాలబాలికలకు చేటని పెద్దలు త్రోసివేయుదురు. విదేశీయులు బహుమాన మొసగిరి గావున గొప్పదని పిన్నలు మురియుదురు. ఈ రెంటియందును పాటను వినుట యను పని మాత్రము కానరాదు. 2023 మార్చిలో ‘నాటు నాటు’ పాట ఆస్కారు బహుమతి నందినప్పుడు మా బాన్సువాడ వంటి చిన్న పట్టణములు సైతము సంతోషించినవి. అయినను, బాణీ కట్టిన కీరవాణి గారి ముప్పది యేండ్ల కృషిని విచారించినవారు అరుదు.

ఈయన 1961లో కొవ్వూరునందు జన్మించిరి. చక్రవర్తి గారియొద్ద సహాయకులుగ పనిచేసి, 1990లో ‘మనసు మమత’ చిత్రముతో సంగీతదర్శకులుగ వెలువడిరి. మరుసటి యేడే ‘క్షణక్షణం’, ‘సీతారామయ్యగారి మనవరాలు’, తమిళమున బాలచందరు గారి ‘అళగన్’ వచ్చినవి. తమిళులకు మరకతమణి, హిందీవారికి ఎం. ఎం. క్రీమ్, మనకు కీరవాణి. కీరవాణి యనగా చిలుక పలుకు గలది. అది 21వ మేళకర్త రాగము. పాశ్చాత్యుల హార్మోనిక్ మైనరు స్వరములును అవియే. ఉభయ సంప్రదాయములకు చెల్లు ఆ పేరు ఈయన రచనకును తగియున్నది.

మా దృష్టిలో ఈయన ఉత్తమ కృషి ‘అన్నమయ్య’. 1997 సంవత్సరమునకు జాతీయ పురస్కార మీయన కిచ్చినదదియే. సంకీర్తనలను పండితుల సభనుండి సామాన్యుని యింటికి దింపుట సులభము కాదు. రాగము చెడరాదు, మాట మరుగుపడరాదు. ఈ రెండు నియమములను ఆ చిత్రము చాలవరకు పాటించినది. ‘నాటు నాటు’ బలమును అట్టిదే: చంద్రబోసు గారి పల్లెపదములు తిస్రనడకకు ఒదిగి, కాలు కదలుటకు ముందే నోటికి వచ్చును.

అయినను దోషము చెప్పక విడువరాదు. ‘బాహుబలి’ మొదలుకొని పెద్ద చిత్రములందు భేరీధ్వనియు బృందగానమును నిశ్శబ్దమునకు చోటీయకున్నవి. నేపథ్యసంగీతము ఎప్పుడు మానవలెనో యెరుగుట, ఎప్పుడు మ్రోగవలెనో యెరుగుటకంటె కష్టము. ‘ఆర్.ఆర్.ఆర్.’ నేపథ్యసంగీతమునకు జాతీయ పురస్కారము లభించినను, ఈ మాట మేము ఉపసంహరింపము.

2024లో అందెశ్రీ గారి ‘జయ జయహే తెలంగాణ’ రాష్ట్రగీతమునకు వీరు స్వరకల్పన చేయగా, ఆంధ్రుని కేల యీ పని యని తెలంగాణ కళాకారులు కొందరు ఆక్షేపించిరి. చిరకాలము అవకాశము దక్కనివారి ఆవేదన తోసివేయదగినది కాదు. దానికి మందు మన కళాకారులకు పని కల్పించుట. గీతమును తీర్చవలసినది మాత్రము జన్మస్థలమును బట్టి గాదు. వాద్యము లేక, ఎండలో నిలిచి, మా బడిపిల్లలు గొంతు చించుకొనక, మాట మింగక పాడగలరా? ఇదియే దాని పరీక్ష. ఇది ఏ జిల్లావాని బాణికైనను ఒక్కటే.

కావున తల్లిదండ్రులకు మా విన్నప మొక్కటి. బొమ్మ నాపి, పిల్లలతో గూర్చుండి ఒక పాటను వినుడు. ఏ మాట వినబడెనో, ఏది వినబడలేదో వారిని అడుగుడు. ఆ యభ్యాస మలవడినచో మంచిచెడ్డలు నిర్ణయించుటకు మనకు పరదేశపు బహుమతితో పనిలేదు.