ఆర్యుల మూలాలపై వాదాలు: ఉత్తరాంధ్ర భాషల సాక్ష్యంతో ఒక విమర్శ

1. పరిచయం

ఆర్యులు బయటి నుంచి వచ్చారా? వస్తే ఎక్కడి నుంచి, ఎప్పుడు వచ్చారు? రెండు శతాబ్దాలకు పైగా సాగుతున్న ఈ చర్చను మీరు ఇంతవరకు ఆర్య–ద్రావిడ వివాదంగా చదివి ఉంటారు. ఈ పాఠంలో అందులోని ముఖ్య వాదాలను పాత శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల నుంచి చూద్దాం. 2022లో ఈ రెండింటి నుంచి ఏర్పడిన పార్వతీపురం మన్యం జిల్లా కూడా మన పరిధిలోనిదే.

ఈ ప్రాంతాన్ని ఎన్నుకోవడానికి కారణం ఉంది. ఇక్కడ మూడు భాషాకుటుంబాలు పక్కపక్కనే ఉన్నాయి. ఇచ్ఛాపురం వైపు వినిపించే ఒడియా ఇండో-ఆర్య భాష. తెలుగు, కువి, కొండదొరల కూబి ద్రావిడ భాషలు. సవర ముండా శాఖకు చెందింది. ఆ శాఖ ఆగ్నేయాసియాలోని ఖ్మేర్, వియత్నామీస్ భాషలున్న ఆస్ట్రో-ఏషియాటిక్ కుటుంబంలోనిది. తెలుగువారి ‘రెండు’కు తమిళ ‘ఇరండు’ దగ్గర, ఒడియా ‘దుయి’కి సంస్కృత ‘ద్వి’ దగ్గర. సవర ‘బాగు’ ఈ రెంటికీ దూరం. అంటే, ఆర్య, ద్రావిడ అనే రెండే గదులున్న ఇంట్లో సవర భాషకు చోటు లేదు.

ఈ పాఠం చెప్పదలచింది ఇది: ఒక భాష వ్యాపించడం, మనుషులు వలస రావడం, ఒక సమూహం తనకొక పేరు పెట్టుకోవడం వేర్వేరు ప్రశ్నలు. ఒక ప్రశ్నకు దొరికిన సాక్ష్యాన్ని మరో ప్రశ్నకు జవాబుగా వాడినప్పుడల్లా చర్చ దారి తప్పింది.

2. భాష నుంచి జాతికి దూకడం

1786లో విలియం జోన్స్ కలకత్తాలో మాట్లాడుతూ సంస్కృతం, గ్రీకు, లాటిన్ ఒకే మూలం నుంచి పుట్టి ఉండాలని ప్రతిపాదించాడు. 1816లో ఎ.డి. కాంప్‌బెల్ తెలుగు వ్యాకరణానికి రాసిన పరిచయంలో ఎఫ్.డబ్ల్యు. ఎల్లిస్, తెలుగు సంస్కృతజన్యం కాదని ధాతువుల ఆధారంగా చూపాడు. 1856లో కాల్డ్వెల్ ద్రావిడ భాషల తులనాత్మక వ్యాకరణం ప్రకటించాడు. ఇవన్నీ భాషల మధ్య సంబంధాల గురించిన నిర్ణయాలు. ఆ మేరకు నేటికీ చెల్లుతాయి.

చిక్కు ఆ తరువాత వచ్చింది. భాషాకుటుంబం పేరు రక్తసంబంధం పేరుగా మారింది. ‘ఆర్య’ పదాన్ని ప్రచారంలోకి తెచ్చినవారిలో ముఖ్యుడైన మాక్స్ ముల్లరే 1888లో, ఆ పదం భాషకే వర్తిస్తుందనీ, శరీర లక్షణాలకు వర్తించదనీ గట్టిగా చెప్పవలసి వచ్చింది. అప్పటికే ఆలస్యమైంది. ఫూలే 1873లో ‘గులాంగిరీ’లో బ్రాహ్మణులను దండెత్తి వచ్చినవారిగా చిత్రించాడు. తిలక్ 1903లో వేదకాలపు పూర్వీకుల ఇల్లు ఉత్తర ధ్రువ ప్రాంతమన్నాడు. అంబేద్కర్ 1946లో ‘శూద్రులు ఎవరు?’ అనే గ్రంథంలో ఆర్యజాతి దండయాత్ర సిద్ధాంతాన్నే తిరస్కరించాడు. ముగ్గురికీ ఇది తమ కాలపు సమాజాన్ని గురించిన ప్రశ్న. చర్చ ఎందుకింత వేడిగా సాగిందో దీన్నిబట్టి గ్రహించండి.

పురావస్తు శాస్త్రంలోనూ ఇదే జరిగింది. మొహెంజొదారోలో దొరికిన అస్థిపంజరాలను మార్టిమర్ వీలర్ 1947లో ఆర్యుల దాడికి సాక్ష్యంగా చూపాడు. అవి ఒకే కాలపు పొరలోనివి కావని 1964లో జార్జ్ డేల్స్ చూపడంతో ఆ వాదం నిలవలేదు. అయితే దండయాత్ర జరగలేదని తేలినంత మాత్రాన వలస జరగలేదని తేలదు. బి.బి. లాల్ వంటి పురావస్తువేత్తలు తవ్వకాల్లో సాంస్కృతిక కొనసాగింపును చూపి, బయటి నుంచి ఎవరూ రాలేదన్నారు. వారి ఆధారం దండయాత్ర వాదానికి గట్టి జవాబే. కానీ కుండలు మారకుండానే మనుషులు రావచ్చు, భాష మారవచ్చు.

3. గదబల ఉదాహరణ

భాష, సమూహం ఒకటి కావని చూపడానికి దూరం వెళ్లనక్కరలేదు. గదబ అనే ఒకే పేరుతో పిలిచే ప్రజల్లో రెండు భాషలున్నాయి. గుతోబ్ మాట్లాడేవారిది ముండా భాష. సాలూరు ప్రాంతంలోని కొండేకోర్ గదబ ద్రావిడ భాష. ఒకే పేరు, రెండు కుటుంబాలు. ఇక జాతాపులలో చాలామంది కువి విడిచి తెలుగుకు మారారు. వారు ఎక్కడినుంచీ వలస రాలేదు, భాష మాత్రం మారింది. ఇప్పుడు ఆలోచించండి. మన కళ్లముందే ఇలా జరుగుతుంటే, మూడున్నర వేల ఏళ్లనాటి ఒక పేరు చూసి ఒక జాతిని ఊహించడం ఎంతవరకు సబబు?

4. ఐతరేయ బ్రాహ్మణంలోని ప్రస్తావన

ఐతరేయ బ్రాహ్మణంలోని శునశ్శేపుని కథ మీకు తెలిసే ఉంటుంది. శునశ్శేపుణ్ని పెద్ద కొడుకుగా ఒప్పుకోని యాభైమంది కుమారులను విశ్వామిత్రుడు శపిస్తాడు. వారి సంతతే ఆంధ్రులు, పుండ్రులు, శబరులు, పుళిందులు, మూతిబులు అని కథ చెబుతుంది. ఆంధ్రులు, శబరులు ఇక్కడ ఒకే వరుసలో ఉన్నారు.

దీన్ని కొందరు ఆర్యులు స్థానికులను వెలివేసిన దానికి రుజువుగా చదివారు. మరికొందరు ఆంధ్రులూ ఆర్య సంతతే అనడానికి వాడుకున్నారు. రెండు పఠనాలూ కథను వంశావళి పత్రంగా తీసుకుంటున్నాయి. ఈ భాగం నిజంగా చెప్పేది తక్కువ: దాన్ని కూర్చినవారికి ఈ పేర్లు తెలుసు, ఆ ప్రజలు తమ హద్దుల అవతల ఉన్నారని వారి భావన. ఆ ఆంధ్రులు తెలుగు మాట్లాడారనీ, ఆ శబరులే నేటి సవరలనీ ఈ వాక్యం రుజువు చేయదు.

సవర భాషను శాస్త్రీయంగా పరిశీలించే వీలు కల్పించినవాడు గిడుగు రామమూర్తి. శ్రీముఖలింగం దగ్గరి పర్వతాలపేటలో 1863లో పుట్టి, పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడిగా ఉంటూ ఆయన సవర నేర్చుకున్నాడు. 1931లో సవర భాషా వ్యాకరణ గ్రంథం, 1938లో సవర–ఇంగ్లీషు నిఘంటువు వెలువడ్డాయి. వ్యావహారిక భాషోద్యమ నాయకుడిగా మనం స్మరించే గిడుగు చేసిన ఈ పని, శబరుల గురించి గ్రంథాల్లో వెతకడం కంటే సవరల మాట వినడం మేలని చూపింది.

5. జన్యు సాక్ష్యం

2009లో హైదరాబాదులోని సీసీఎంబీకి చెందిన తంగరాజ్, లాల్జీ సింగ్, విదేశీ శాస్త్రవేత్తలతో కలిసి, భారత ప్రధాన భూభాగంలోని దాదాపు అన్ని సమూహాల్లోనూ రెండు ప్రాచీన వారసత్వాల కలయిక ఉందని చూపారు. 2019 సెప్టెంబరులో రెండు పరిశోధనా పత్రాలు వచ్చాయి. హర్యానాలోని రాఖీగఢీలో దొరికిన హరప్పా కాలపు ఒక స్త్రీ అవశేషాల్లో మధ్యాసియా గడ్డిమైదానాల పశుపాలకుల వారసత్వం లేదని ఒకటి చెప్పింది. ఆ వారసత్వం క్రీ.పూ. 2000–1500 మధ్య దక్షిణాసియాకు చేరిందని రెండోది చెప్పింది. ఒకటి మరొకదాన్ని ఖండించిందని ప్రచారం జరిగింది. కానీ కొందరు రచయితలు రెండింటిలోనూ ఉన్నారు. మొదటిది వలసకు ముందు కాలాన్ని, రెండోది తరువాతి కాలాన్ని చెబుతోంది. ఇండో-ఆర్య భాషలు ఈ రాకతో వచ్చాయని నేడు ఎక్కువమంది పండితుల అభిప్రాయం. అది బలమైన అనుమానమే అయినా, ఎముకలు ఏ భాష మాట్లాడాయో చెప్పవని మరువకండి.

ముండా భాషల విషయమూ ఇలాంటిదే. 2011లో వెలువడిన పరిశోధన ప్రకారం ఆ భాషలు మాట్లాడేవారి పితృవంశంలో ఆగ్నేయాసియా గుర్తు ప్రబలంగా ఉంది. మాతృవంశం మాత్రం భారతదేశానిదే. వారి పూర్వీకులు వచ్చినవారూ, ఇక్కడివారూ కూడా.

6. ముందు వచ్చినవారికే హక్కా?

ఇక్కడే జాగ్రత్త అవసరం. సవరల పూర్వీకుల్లో కొందరు తూర్పు నుంచి వచ్చారు కాబట్టి వారు ఆదివాసులు కారని ఎవరైనా వాదిస్తే మీరేం చెబుతారు? మన్యం భూమిపై గిరిజనుల హక్కు రాజ్యాంగపు ఐదో షెడ్యూలు మీద, 1970లో సవరించిన భూబదలాయింపు నిబంధన మీద ఆధారపడింది. అప్పులకు, మోసానికి భూములు పోవడం దాని వెనుక ఉన్న అనుభవం. వేల ఏళ్లనాటి రాకపోకల జాబితా ఆ హక్కుకు పునాది కాదు. ముందు వచ్చినవాడిదే దేశమనే సూత్రాన్ని ఒప్పుకుంటే, ప్రతి కొత్త పరిశోధనతోనూ ఎవరో ఒకరు పరాయివారవుతారు. కలయికే నియమమైన చోట ఆ సూత్రం నిలవదు.

7. సారాంశం

ఇండో-ఆర్య భాషల రాకకు భాషా, జన్యు సాక్ష్యాలు గట్టిగా ఉన్నాయి. దండయాత్రకు ఆధారం లేదు. ‘ఆర్య జాతి’, ‘ద్రావిడ జాతి’ అనే విభజన శాస్త్రం ముందు నిలవదు. ఈ అంశంపై ఏ రచన చదివినా మూడు ప్రశ్నలు వేయండి: రచయిత మాట్లాడుతున్నది భాష గురించా, మనుషుల గురించా? చూపిన సాక్ష్యం ఆ ప్రశ్నకు సంబంధించినదేనా? మూడో భాషాకుటుంబాన్ని లెక్కలోకి తీసుకున్నారా?

మిమ్మల్ని మీరు పరీక్షించుకోండి

1. వీలర్ వాదాన్ని డేల్స్ ఎలా ఖండించాడు? దానివల్ల వలస సిద్ధాంతం కూడా వీగిపోయిందా?
2. గదబ, జాతాపు ఉదాహరణలు భాషకూ సమూహానికీ గల సంబంధం గురించి ఏం తెలుపుతున్నాయి?
3. మీ ఊరిలో వినిపించే భాషలు ఏ కుటుంబాలవో గుర్తించి, వాటిని మాట్లాడేవారిలో ఎవరైనా భాష మారారేమో విచారించి ఒక పుట రాయండి.