విందు వెనక వంటిల్లు

2001 నుంచి 2011 వరకు వచ్చిన ఎనిమిది హ్యారీ పోటర్ సినిమాల్ని వరసగా చూస్తే హెర్మయొనీ బలపడుతూ వచ్చినట్టే కనిపిస్తుంది. హంతకుడనుకున్న మనిషికి ఎదురు నిలిచి, మమ్మల్నీ చంపాల్సి వస్తుందని నవలలో రాన్ అన్న మాట మూడో సినిమాలో (2004) ఆమె నోట వినిపిస్తుంది. తల్లిదండ్రుల జ్ఞాపకాల్లోంచి తనను తాను చెరిపేసుకోవడం నవలలో క్లుప్తంగా చెప్పిన సంగతి. ఏడో సినిమా (2010) దాన్ని కళ్లకు కట్టింది.

కానీ ధైర్యం ఇచ్చి రాజకీయాన్ని తీసేసుకున్నారు. నాలుగో నవలలో (2000), బడి విందుల వెనక ఉన్నది ఎల్ఫుల జీతం లేని చాకిరీ అని తెలిసి హెర్మయొనీ తిండి మానేస్తుంది. వాళ్ల హక్కుల కోసం సంఘం పెడుతుంది. తోటివాళ్లు నవ్వుతారు. రౌలింగ్ కూడా దాన్ని కొంత హాస్యంగానే రాసింది. అయినా ప్రశ్న మిగిలింది. 2005 నాటి సినిమాలో ఆ సంఘం లేదు, ఆ వంటిల్లూ లేదు. తెరమీద ఎల్ఫు విముక్తి అంటే రెండో సినిమాలో హ్యారీ ఉపాయంతో డాబీకి దక్కిన మేజోడే. ఒక అబ్బాయి దయ నిలిచింది, ఒక అమ్మాయి ఉద్యమం పోయింది.

నిడివి చాలలేదంటారు. అదే సినిమాలో డ్రాగన్ వేటను నవలలో కన్నా పొడిగించారు. ఈ వంట ఎవరు చేశారన్న ప్రశ్నకే చోటు చాలలేదు.