చెరిపివేత – పునఃప్రారంభం: చేతి వీడియోగేముల్లో 'సేవ్' స్వభావం, ఒక పరిశీలన

ఉపోద్ఘాతం:

వీడియోగేమును విమర్శ పరిధిలోకి తీసుకోవడం తెలుగులో ఇంకా అరుదుగానే ఉంది. తీసుకున్నచోట కూడా చర్చ సాధారణంగా కథాంశం, హింస, పిల్లల చదువుమీద ప్రభావం అనే అంశాల దగ్గర ఆగిపోతుంది. ఆటగాడు తాను దాచుకున్న ఆటను చెరిపివేసి మళ్లీ మొదటినుండి ఆడటం అనే క్రియ సాంకేతిక వ్యవహారంగానే మిగిలిపోయింది. నవలను రెండోసారి చదివే పాఠకుడు తన మొదటి పఠనాన్ని చెరపవలసిన పని లేదు. నాటకాన్ని రెండోరాత్రి చూసే ప్రేక్షకుడికి మొదటిరాత్రి ప్రదర్శన అడ్డు రాదు. చేతిలో ఇమిడే గేమ్ యంత్రం మాత్రం చాలాకాలంపాటు ఒకే ఆటకు చోటిచ్చింది. రెండో ఆట కావాలంటే మొదటిది పోవాలి. ఈ షరతు ఆటగాడిచేత ఏమి చేయించింది, చెరిపే అధికారం ఎవరి చేతిలో ఉంది అన్నవి ఈ వ్యాసం పరిశీలించే ప్రశ్నలు. కర్నూలు జిల్లా పశ్చిమ ప్రాంతంలోని కౌతాళం వంటి చోట నిలబడి చూస్తే ఇవి ఎలా మారతాయన్నది కూడా ఇందులో భాగమే.

వైకుంఠపాళి, పలక:

మొదటికి రావడం తెలుగువారి ఆటలకు కొత్త కాదు. వైకుంఠపాళిలో పరమపదానికి దాపులో ఉన్న పెద్దపాము నోట పడినవాడు అట్టడుగుకు జారతాడు. అయితే అక్కడ దించేది పాచిక. ఆటగాడి ఇష్టాయిష్టాలకు తావులేదు. పటాన్ని చుట్టి అటకమీద పెట్టిన తరువాత ఎవరు ఎంతదూరం ఎక్కారో పటానికి గుర్తుండదు కూడా. వైకుంఠపాళిలో పతనం ఉంది కానీ చెరిపివేత లేదు.

దీనికి దగ్గరి పోలిక పలక. బడిపిల్లలు పలకను తుడవడంతో సరిపెట్టరు. ఆకుపసరు, బొగ్గు కలిపి రుద్ది, ఆరబెట్టి, మళ్లీ నల్లగా చేసుకుంటారు. పలకను ఖాళీ చేయడం అంటే దానిమీద ఇంకో పూత పూయడమే. ఈ సంగతి గేమ్ యంత్రం విషయంలో అక్షరాలా నిజమవుతుంది.

ఒకే గడి ఉన్న క్యాసెట్:

'ద లెజెండ్ ఆఫ్ జెల్డా' 1987లో అమెరికాలో విడుదలైనప్పుడు దాని క్యాసెట్‌లో చిన్న బ్యాటరీ ఉండేది. కరెంటు తీసేసినా ఆట నిలిచేది. (కార్ట్రిడ్జ్ అనే మాటకు బదులు తెలుగునాట పిల్లలు క్యాసెట్ అనే అన్నారు. ఇక్కడ ఆ మాటనే వాడటం సబబు.) అందులో ముగ్గురికి మూడు గడులు ఉండేవి, చెరపడానికి ప్రత్యేకంగా ఒక వరుస ఉండేది. 1993లో గేమ్ బాయ్‌కు వచ్చిన 'లింక్స్ అవేకెనింగ్' కూడా మూడు గడుల పద్ధతినే పాటించింది. 1996 ఫిబ్రవరి 27న జపాన్‌లో వెలువడిన 'పోకెమాన్ రెడ్', 'గ్రీన్' ఆటలు ఈ ఔదార్యాన్ని వదులుకున్నాయి. ఒక క్యాసెట్‌కు ఒకే ఆట, ఒకే పేరు. ఇంట్లో ఇద్దరు పిల్లలుంటే ఒకరి ఆట ఉండాలి, లేదా ఇంకొకరిది ఉండాలి.

ఇందులో చెరిపే దారులు రెండు. మొదటిది బాహాటమైనది. టైటిల్ తెర తరువాత 'కొత్త ఆట' ఎంచుకోవచ్చు. ఎంచుకోగానే పాత ఆట పోదు. కొత్త పేరు పెట్టుకుని, ఇల్లు వదిలి, మొదటి జీవిని చేతపట్టుకుని ఊరు దాటినా పాత ఆట క్యాసెట్‌లో అలాగే ఉంటుంది. కొత్త ఆటను దాచుకోబోయే క్షణంలో మాత్రం యంత్రం అడ్డుపడి, దాచాలంటే పాతది చెరిగిపోతుందని హెచ్చరించి అనుమతి అడుగుతుంది. అంటే కొత్త జీవితాన్ని భద్రపరిచే చర్యే పాత జీవితాన్ని నాశనం చేసే చర్య. దాచడం, చెరపడం ఒకే మీటకు రెండు పేర్లు. ఆట రూపకల్పనలో ఇంత గడుసైన మలుపు మరొకటి కనిపించదు. జ్ఞాపకాన్ని గూర్చి నేరుగా మాట్లాడే ఆటలు తరువాత ఎన్నో వచ్చాయి గానీ, వాటిలో చాలావరకు మాటలతో చెప్పినదాన్ని ఈ ఆట ఒక అనుమతి ప్రశ్నతో చేసింది.

రెండో దారి గుప్తమైనది. టైటిల్ తెరమీద పైబాణం, సెలెక్ట్, బి మీటలు మూడూ కలిపి నొక్కితే దాచినదంతా తుడిచివేయాలా అని యంత్రం అడుగుతుంది. ఈ ఆటలో మామూలు ప్రశ్నలన్నిటికీ 'అవును' పైన, 'కాదు' కింద ఉంటాయి. ఇక్కడ మాత్రం క్రమం తలకిందులై 'కాదు' పైకి వస్తుంది. అలవాటుకొద్దీ మీట నొక్కే వేలిని కాపాడటానికి చేసిన ఏర్పాటు ఇది. దానశాసనాల చివర, దానాన్ని హరించినవారికి కలిగే పాపాన్ని చెప్పే శాపవాక్యాలు ఉంటాయి. కర్త మనసు చలించవచ్చుననే ఎరుక రెండుచోట్లా ఉంది. శాసనకర్త రాబోయే రాజును ఊహించి భయపెట్టాడు. ఆటకర్త భయపడింది ఆటగాడి సొంత వేలిని చూసి.

'అవును' అన్న తరువాత జరిగేది గమనార్హం. క్యాసెట్‌లోని 32 కిలోబైట్ల జ్ఞాపకమంతా ఒకే విలువతో నిండుతుంది. ప్రతి బైట్‌లోని ఎనిమిది బిట్లూ ఒకట్లవుతాయి. లోపల శూన్యం ఏర్పడదు, సున్నాలు కూడా ఉండవు. ఆ చివరినుండి ఈ చివరివరకు ఒకే అక్షరం వ్రాసినట్లుంటుంది. పలకమీద బొగ్గు పూసినట్లే తుడుపు ఇక్కడ ఒక వ్రాత.

పేరు అదే, మనిషి వేరు:

చెరిపివేత సంపూర్ణమేనా? ఈ ఆటలో జీవులను తీగ ద్వారా మరొకరి యంత్రానికి మార్పిడి చేయవచ్చు. ఆట చెరపబోయే పిల్లలు తమకు ఇష్టమైన జీవిని ముందుగా స్నేహితుడి క్యాసెట్‌కు పంపి, చెరిపి, కొత్త ఆట కొంత సాగిన తరువాత వెనక్కి తెచ్చుకునే పద్ధతి బహుళ ప్రచారంలో ఉంది. పొరుగింట్లో సామాను దాచి ఊరు వెళ్లడం వంటిదే ఇది.

అలా తిరిగివచ్చిన జీవి పాత యజమానిని గుర్తించదు. ప్రతి కొత్త ఆటకు యంత్రం 0 నుండి 65535 వరకు గల సంఖ్యల్లో ఒకదాన్ని యాదృచ్ఛికంగా ఆటగాడికి కేటాయిస్తుంది. జీవిలో మొదటి యజమాని పేరుతోపాటు ఆ సంఖ్య కూడా నిలిచి ఉంటుంది. ఆటగాడు మళ్లీ అదే పేరు పెట్టుకున్నా సంఖ్య కలిసే అవకాశం దాదాపు లేదు. కాబట్టి ఆ జీవి అతన్ని పరాయివాడిగా లెక్కిస్తుంది. తగినన్ని బ్యాడ్జీలు సంపాదించేవరకు, స్థాయి మించిన జీవి చెప్పినమాట వినకపోవచ్చు. మరోపక్క, పరాయి జీవి కావడంవల్లనే ఒకటిన్నర రెట్లు వేగంగా అనుభవం గడిస్తుంది. తన గతం తనకే పరాయిదై, విధేయత తగ్గి, ప్రయోజనం పెరిగి తిరిగి రావడం! రూపకర్తలు దీన్ని ఉద్దేశించి ఉండరు. రెండు వేరు వేరు నియమాలు అనుకోకుండా కలిసినచోట పుట్టిన అర్థం ఇది. ఉద్దేశం లేనిచోట అర్థాన్ని వెదకడం సాహసమనిపించవచ్చు కాని, యంత్రనియమాలే పాఠమైన కళలో విమర్శకు అంతకన్న మార్గం లేదు.

ఇక ఎవరూ చెరపకపోయినా చెరిగే సందర్భం ఒకటి ఉంది. క్యాసెట్‌లోని బిళ్ల బ్యాటరీ కొన్నేళ్లకు అయిపోతుంది. ఆ రోజుతో దాచినదంతా పోతుంది. అక్కడ అనుమతి అడిగేవారుండరు.

చెరపడానికి వీలులేని ఆట:

2011లో క్యాప్‌కామ్ సంస్థ నింటెండో 3డీఎస్ యంత్రానికి 'రెసిడెంట్ ఈవిల్: ద మెర్సెనరీస్ 3డీ' విడుదల చేసింది. ఒకసారి దాచిన ఆటను ఇందులో చెరపడానికి మార్గమే లేదు. గెలిచిన దశలు, తెరుచుకున్న పాత్రలు అన్నీ అలాగే ఉంటాయి. కొత్తగా కొన్నవారికి ఇది ఇబ్బంది కాకపోవచ్చు. రెండోచేతి మీదుగా కొన్న పిల్లవాడికి మాత్రం వేరొకరు ఆడి ముగించిన ఆట దొరుకుతుంది. పాత సరకు అమ్మకాలను దెబ్బతీయడానికే ఇలా చేశారన్న విమర్శ బలంగా వినబడింది. ఆ నిర్ణయంలో పాత సరకు ప్రసక్తి లేదని సంస్థ బదులిచ్చింది. సంస్థ ఉద్దేశం ఏదైనప్పటికీ, 'మొదలు' అనేది కూడా డబ్బిచ్చి కొనుక్కునే వస్తువు కాగలదని ఈ ఉదంతం చూపింది. కొత్తది కొనగలిగినవాడికి ప్రారంభం దక్కుతుంది, పాతది కొన్నవాడికి ఇంకొకరి ముగింపు దక్కుతుంది.

గేమ్ విమర్శలో చెరిపివేతకు అందరూ చూపే ఉదాహరణ ఇది కాదు. యోకో తారో దర్శకత్వంలో 2017లో వచ్చిన 'నియర్: ఆటోమాటా' పేరే ముందు వినిపిస్తుంది. దాని చివరి ముగింపులో ముక్కూమొగం తెలియని ఆటగాళ్ల సాయంతో గట్టెక్కిన ఆటగాడిని, మరొకరి సాయంకోసం తన ఆటను పూర్తిగా వదులుకుంటావా అని యంత్రం అడుగుతుంది. 2022లో నింటెండో స్విచ్‌మీదికి రావడంతో ఇదీ చేతి ఆటే అయింది. ఈ ముగింపు గొప్పదే. అయితే ఇక్కడ త్యాగానికి సంగీతముంది, ప్రేక్షకత్వముంది, త్యాగం చేసినవాడికి ఘనత ఉంది. పైగా పూర్తిగా ఆడేసిన ఆటను వదులుకోవడంలో నష్టమెంత? శిబిచక్రవర్తి కథను పోలిన ఇలాంటి ఘట్టాలకు విమర్శకులు సులభంగా లొంగిపోతారు. చెల్లెలు ఆడుకోవాలని అన్న తన సగం ఆటను తుడిచి ఇచ్చే సందర్భానికి సంగీతం ఉండదు, కాని దాని వెల ఎక్కువ.

కౌతాళం నుండి చూస్తే:

పై చర్చలోని యంత్రాలు భారతదేశంలో విస్తృతంగా అమ్ముడుపోలేదు. తెలుగునాట జాతరల్లో, ఉరుసుల్లో బొమ్మల అంగళ్లద్వారా పిల్లలకు చేరిన చేతి యంత్రం పేర్లమీద 'తొమ్మిదివేల తొమ్మిదివందల తొంభైతొమ్మిది ఆటలు' అని రాసుకున్న బ్రిక్ గేమ్. దానికి సేవ్ లేదు. ఎప్పుడు తీసినా మొదటినుండే. చెరపడానికి ఏమీ లేని యంత్రంతో పెరిగిన తరం, తరువాత నేరుగా ఫోన్‌లోకి వచ్చింది. ఇక్కడ ఆట చేతిలో ఉంటుంది, ఆట లెక్కలు ఎక్కడో కంపెనీ యంత్రాల్లో ఉంటాయి. 2020 సెప్టెంబరు 2న కేంద్ర ప్రభుత్వం నిషేధించిన 118 యాప్‌లలో 'పబ్‌జీ మొబైల్' ఒకటి. అదే ఏడాది అక్టోబరు 30తో భారత ఆటగాళ్లకు ఆ సేవ ఆగింది. 2021 జూలై 2న 'బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా' వచ్చినప్పుడు పాత లెక్కలను కొత్త ఆటకు తరలించుకునే వీలు కల్పించారు. ఆట నిలవడంలోగాని, ఆగడంలోగాని, తిరిగి రావడంలోగాని ఆటగాడి వేలికి పాత్ర లేదు. 'కాదు' అన్న మాటను పైన పెట్టి అడిగేవారు ఎవరూ లేరు.

కౌతాళం, కోసిగి, హొళగుంద మండలాల పల్లెల్లో మొదటినుండి మొదలుపెట్టడం ఆటలకు పరిమితమైన సంగతి కాదు. వాన ముఖం చాటేసిన ఏడు కుటుంబాలు పిల్లాజెల్లాతో సుగ్గికి పోతాయి. గుంటూరు వైపు మిరప కోతలకు, తెలంగాణకు పత్తి తీతకు వెళ్లి నెలల తరువాత తిరిగివస్తాయి. ఈ పిల్లలకోసం ఊళ్లో సీజనల్ హాస్టళ్లు తెరవడం జరిగింది గాని, అందరూ వాటిలో నిలవరు. తిరిగివచ్చిన పిల్లవాడి పేరు బడి రిజిస్టరులో అలాగే ఉంటుంది. పాఠం అతన్ని వదిలి ముందుకు పోయి ఉంటుంది. పేరు మిగిలి, ప్రగతి పోయిన ఫైలు వంటిదది. ఈ పోలికకు హద్దులున్నాయి. వలసను ఆటతో సమానం చేయడం అన్యాయం. అయినా 'పునఃప్రారంభం' ఒక విముక్తి, ఒక శుభ్రమైన తొలిపుట అని గేమ్ విమర్శ తరచుగా చేసే ప్రశంస, తానుగా కోరి మొదలుపెట్టేవాడిని మాత్రమే దృష్టిలో పెట్టుకున్నదని గుర్తించడానికి ఈ పోలిక పనికివస్తుంది.

ఇటువంటి కుటుంబాల్లో పిల్లల చేతి యంత్రం చాలావరకు ఇంటికంతటికీ ఉన్న ఒక్క ఫోన్. అదీ కొన్నిసార్లు రెండోచేతిదే. అమ్మేవాడు దాన్ని పూర్తిగా తుడిచి అమ్ముతాడు, కొనేవాడు కొత్తగా మొదలుపెడతాడు. 2015లో వచ్చిన ఆండ్రాయిడ్ 5.1 నుండి ఇందులో ఒక చిక్కు ఉంది. దొంగతనాలను అడ్డుకోవడానికి చేసిన ఏర్పాటు అది. పాత యజమాని తన ఖాతాను ముందుగా తొలగించకుండా ఫోన్‌ను బయటి మీటలతో తుడిస్తే బొమ్మలు, పాటలు, ఆటలు అన్నీ పోతాయి. తెర తెల్లగా వెలుగుతుంది, భాష ఎంచుకోమంటుంది, వైఫై అడుగుతుంది. ఆ తరువాత, ఇంతకుముందు ఈ ఫోన్ వాడిన మనిషి ఖాతా వివరాలు ఇవ్వమని అడిగి అక్కడే ఆగిపోతుంది.