వాన్ విలియమ్స్ స్వరసేవ – తెలుగు సంఘ గానము: ఒక పరిశీలన

ఇంగ్లీషు స్వరకర్త రాల్ఫ్ వాన్ విలియమ్స్ (1872–1958) ఆంగ్లికన్ పాదిరి కుమారుడు. విశ్వాస విషయములో మాత్రము సందేహిగానే జీవించారు. అయినను 1906లో వెలువడిన 'ది ఇంగ్లీష్ హిమ్నల్'కు సంగీత సంపాదకుడు ఆయనే. 1903 నుండి పల్లెలలో సేకరించిన జానపద బాణీలను ఆరాధనలోనికి తెచ్చారు. 'ఫారెస్ట్ గ్రీన్' బాణీ సర్రేలోని ఆ పేరుగల పల్లెలో విన్న పాటదే.

ఆయనకు ముందే మన పురుషోత్తమ చౌదరి (1803–1890) సువార్తను కర్ణాటక రాగతాళాలలో పాడించారు.

అయితే వాన్ విలియమ్స్‌లో లోపమూ ఉన్నది. సంఘస్థులు ప్రేమించిన కొన్ని విక్టోరియా కాలపు బాణీలను తన అభిరుచికి సరిపడలేదని అనుబంధములోనికి నెట్టారు. కాబట్టి ఇంగ్లీషు బాణీలన్నిటిని వెలివేయుమని మేము చెప్పడము లేదు. శేరిలింగంపల్లి వంటి చోట్ల ఐటీ ఉద్యోగులైన విశ్వాసులకు అవి ఆత్మీయమైనవే.

మా అభ్యంతరము అతుకు మీదనే. ఇంగ్లీషు పాట ఊనిక మీద నడుస్తుంది. తెలుగు మాట హ్రస్వదీర్ఘముల మీద నిలుస్తుంది. బాణీ కొరకు హ్రస్వమును సాగదీస్తే 'పడెను' అన్నది 'పాడెను'గా వినబడుతుంది. అర్థమెరిగి పాడవలెనన్న పౌలు బోధ (1 కొరింథీ 14:15) అక్కడ భంగపడుతుంది.

కనుక అనువాద గీతమును సంఘమునకు నేర్పకముందు కాపరులు దానిని ఒకసారి చదివించి, ఒకసారి పాడించి పోల్చవలెను. రెండింటిలో ఒకే అర్థము వినబడనిచో మార్చవలసినది మాటనో, బాణీనో తేల్చుకొనవలెను.