తెలుగు రాదని తెలుగులో చెప్పిన మాట

అబూదబీలోని ఐకాడ్ పారిశ్రామిక నగరంలో ఒక సాయంత్రం, టీ దుకాణం దగ్గర జగిత్యాల ప్రాంతపు కార్మికుడొకరు మమ్మల్ని పలకరించారు. “మాకు తెలుగు రాదు నాయనా” అన్నాము. ఆయన నవ్వి, “రాదని తెలుగులనే అంటున్నరు గద, సారూ!” అన్నారు.

ఆ మాట మమ్మల్ని ఆలోచింపజేసింది. మా పూర్వులు గిర్మిట్ కూలీలుగా మద్రాసు రేవు నుండి నాటాల్ చెరకు తోటలకు వెళ్ళినవారు. మేము ఉపాధ్యాయ వృత్తి నుండి విరమించాక సాయంకాలపు తరగతిలో అక్షరాలు దిద్దుకున్నాము. అక్కడ నేర్చిన తొలి పూర్తి వాక్యం అదే: “నాకు తెలుగు రాదు.”

తనను గురించి తానే పలికే వాక్యం తర్కశాస్త్రంలో పాత చిక్కుముడి. “ఈ మాట అబద్ధం” అన్నామనుకోండి. నిజమైతే అబద్ధమవుతుంది, అబద్ధమైతే నిజమవుతుంది. మన వాక్యం అంత చిక్కుది కాదు. నోట వెలువడగానే తన్ను తానే కాదంటుంది, అంతే.

దీనికి సరిగ్గా ఎదురైన మాట 16వ శతాబ్దపు కవి పింగళి సూరన ‘కళాపూర్ణోదయం’లో కనిపిస్తుంది. బ్రహ్మ సరస్వతికి ఒక కథ చెబుతాడు. అందులోని వారు అప్పటికింకా పుట్టలేదు. చెప్పినవాడు బ్రహ్మ కనుక పుడతారు. అనగా ఆ మాట తన్ను తానే నిజం చేసుకుంటుంది. తరువాత పసిపాప మధురలాలస నోట, కళాపూర్ణుడు తన కథను తానే వింటాడు. పురాణాల నుండి అరువు తెచ్చుకోక కథను స్వయంగా కల్పించిన సూరన, కల్పన ఎలా ప్రాణం పోసుకుంటుందో కూడా ఆ కథలోనే చూపించాడు. ఈ కావ్యపు గొప్పతనం అదే. ఎనిమిది ఆశ్వాసాలలో కథలో కథ చొచ్చుకొని రావడం వల్ల మావంటివారు దారి తప్పుతారు. 2002లో వెలువడిన వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్‌ల ఆంగ్లానువాదం మాకు చేయూతనిచ్చింది.

మాకు లోటుగా తోచినది ఒకటే. బ్రహ్మ మాటను తప్పించుకునే దారి ఆ పాత్రలకు లేదు. మా భయమూ అక్కడే ఉంది. “మా పిల్లలకు తెలుగు రాదండీ” అని అతిథుల ముందు పదేపదే అంటాము. పిల్లలు వింటారు. మొదట అది పూర్తిగా నిజం కాదు. విని విని వారు నోరు విప్పడం మానేస్తే నిజమై కూర్చుంటుంది. మనది బ్రహ్మవాక్కు కాకపోయినా, ఇంట్లో పెద్దల మాటకు ఆ బలముంది. అయితే మన మాటను మనం మార్చుకోగలము.

మొన్న మా మనుమరాలు కూడా “నాకు తెలుగు రాదు తాతయ్యా” అంది.

“ఎంత చక్కగా చెప్పావమ్మా! ఇక మిగతాది చెప్పు” అన్నాము.