విక్రమోర్వశీయమునందలి భూర్జపత్రము

కాళిదాసుని విక్రమోర్వశీయము ద్వితీయాంకమున నూర్వశి పురూరవునకుఁ బంపిన ప్రణయలేఖ భూర్జపత్రముపై వ్రాయఁబడినది. ఆ పత్రము ఏ వనమునుండియుఁ దెచ్చినది కాదు. రాజునకుఁ గానరాక నిలిచిన యప్సరస తన ప్రభావముచేతనే దానిని నిర్మించెను. దివ్యవస్తువు గదా యని చదువరులు దానిమీఁద నిలువక ముందునకు సాగుదురు. బాలురకు బోధించునప్పుడు చెప్పు నర్థము మఱింత సులభము: పత్రమనఁగా నాకు, వ్రాయఁదగిన యాకనఁగాఁ దాటియాకు. ఈ యర్థమును బట్టుకొని చదివినచో నా యంకమున సంవిధానము నిలువదు.

భూర్జపత్రమునఁ బత్రశబ్దము ఆకును జెప్పునది కాదు. అమరసింహుఁడు భూర్జమునకుఁ జర్మి యనియు మృదుత్వక్కనియు రెండు పర్యాయములిచ్చెను. రెండును బెరడును బట్టి యేర్పడిన పేర్లే. కుమారసంభవము ప్రథమసర్గమున విద్యాధరస్త్రీల మదనలేఖలను వర్ణించుచోఁ గాళిదాసుఁడు సైతము త్వక్ఛబ్దమునే వాడెను. అచ్చట ధాతురసముతో నక్షరములు నిలిపిన బెరడు ఏనుఁగుమేని చుక్కలవలె నెఱ్ఱనైనదఁట. తెలుఁగువాఁడైన కొలచల మల్లినాథసూరి యీ చుక్కలను బద్మకములని వివరించెను. చుక్క చర్మముపై నంటియుండునది. లోనికిఁ జెక్కఁబడునది కాదు. ఉపమానమే వ్రాఁత తీరును దెలుపుచున్నది.

హిమాలయమున నున్నతప్రదేశములఁ బెరుగు నీ వృక్షపు బెరడు పొరలుపొరలుగా నూడివచ్చును. పొర పలుచన, తేలిక. క్రీ.శ. 1030 ప్రాంతమున అల్బెరూనీ దక్షిణదేశీయులు తాళపత్రములపై వ్రాయుదురనియు, ఉత్తరదేశీయులు భూర్జపు బెరడునకు నూనె పూసి మెఱుఁగుపెట్టి వాడుదురనియు వేర్వేఱుగఁ జెప్పెను. 1881లో దొరకిన బక్షాలీ గణితగ్రంథమును, 1890లో బవర్ సంపాదించిన వైద్యగ్రంథమును భూర్జముపై సిరాతో వ్రాసినవే. తెలుఁగుదేశపు తాటియాకు మార్గము వేఱు. గంటముతో గీచి, పిదప మసి గాని పసరు గాని రుద్దినఁగాని యక్షరము కానరాదు. ఒకచోట వ్రాఁత పూఁత, వేఱొకచోట వ్రాఁత గీఁత.

ఇఁక నాటకమును జూడవలెను. లేఖ మీఁదినుండి పడఁగనే విదూషకుఁడు పాము కుబుసమని జడియును. బిరుసైన తాటియాకును జూచి కుబుసమని యెవ్వఁడును భ్రమింపఁడు. పలుచని బెరడుపొరకే యా పోలిక తగును. రాజు లేఖను జదివి, తన వ్రేళ్ల చెమటచే నక్షరములు చెడునని వెఱచి దానిని విదూషకుని చేత నుంచును. గంటపు వ్రాఁతకుఁ జెమటవలన భయమేమి? ఈ చిన్నమాటలో ననురాగము, సాత్త్వికభావమైన స్వేదము, ముందు జరుగఁబోవు నష్టమునకు బీజము మూఁడును గలవు. చెమట వచ్చుటచేతనే లేఖ చేయి మాఱినది. చేయి మాఱుటచేతనే పోయినది. ఊర్వశిని గన్నులారఁ జూచిన విస్మయమున విదూషకుని చేయి వదలును, గాలి దానిని గొనిపోవును, అది మహారాజ్ఞి యందె కొనఁ దగుల్కొనును. తాటియాకైనచో విదూషకుని పాదములకడనే పడియుండెడిది. పిమ్మట వెదకుచు నెమలియీఁకను జూచి మోసపోవు హాస్యము కొంచెము పలుచనిదే. అయినను దానికిఁ గూడ నెగిరిపోవు వస్తువే కావలయును.

ప్రభావనిర్మితమైన పత్రమునకు లోకధర్మములైన తడియు గాలియు నేల యంటవలెనని యాక్షేపింపవచ్చును. ప్రభావము నిర్మాణమాత్రమునకే గాని స్వభావమును మార్చుటకుఁ గాదని సమాధానము. ఆ పత్రము ప్రియుని చేతఁ దప్ప నిలువనిదైనచో దేవికి లేఖ దొరకదు, కోపము రాదు, తృతీయాంకమునఁ బ్రియానుప్రసాదనవ్రతమునకుఁ దావే యుండదు. కల్పితవస్తువును దివ్యముగఁ బుట్టించి భూర్జముగనే మెలఁగఁజేయుట యిచ్చటి కవి ప్రౌఢి.

శాకుంతలము తృతీయాంకమునందలి లేఖతోఁ బోల్చిన నీ వివేకము స్పష్టపడును. వ్రాయుపరికరములు లేవని శకుంతల చెప్పఁగాఁ బ్రియంవద చిలుకకడుపువలె మెత్తనైన తామరాకును జూపి నఖములతో వ్రాయుమనును. ధాతుపాఠమున లిఖధాతువున కక్షరవిన్యాసమర్థము; దాని మొదటి యర్థము గీచుటయే. పాణిని యెఱిఁగిన లిపిశబ్దమును వైయాకరణులు పూఁతను జెప్పు లిపధాతువునుండి సాధింతురు. (షాబాజ్‌గఢీ యశోకశాసనమున ‘దిపి’ యను రూపముండుటచే నాధునికులు దానిని బారసీక శబ్దభవమందురు, ఆ చర్చకిది తావు కాదు.) ఊర్వశి వ్రాఁత లిపధాతువునకును, శకుంతల వ్రాఁత లిఖధాతువునకును జేరును. ఒకటి యెగిరి పోయినది. రెండవది పంపఁబడనే లేదు. చదువుచుండఁగనే రాజు పొదచాటున విని ముందునకు వచ్చెను. ఆమె వెడలిన పిదప నతఁడు లతాగృహమున మరలఁ జూచునప్పటికి నా యాకు వాడియున్నది. కథ నడపుట భూర్జమునకుఁ జెల్లినది. రసపుష్టి తామరాకునకే యెక్కువ.

తెలుఁగుదేశమున భూర్జపత్రము బొత్తిగా నెఱుఁగనిదియుఁ గాదు. మంత్రశాస్త్రజ్ఞులు యంత్రలేఖనమునకు దీనినే కోరుదురు. గోరోచనము, కుంకుమపువ్వు మొదలగువాని ద్రవముతో దానిపై బీజాక్షరములు నిలుపుదురు. అట్టి తునుక యొకటి విద్యార్థి చేతికిచ్చి, వ్రేలి తడి తగిలిన నేమగునో, కిటికీకడఁ బట్టి వదలిన నెటు పోవునో చూపినచో నా యంకమునకు వేఱొక టిప్పణి యక్కఱలేదు.