సెల్లార్‌లో కరాటే

ఈ ఆదివారం మా అపార్ట్‌మెంట్ సెల్లార్‌లో కరాటే పిల్లలకు బెల్టులు ఇచ్చారు. పై వాటా పాప, ఎనిమిదేళ్లుంటాయి, పసుపు బెల్టు చూపించి "తాతగారూ, ఎలా ఉంది?" అంది. బ్రహ్మాండం అన్నాను. లోపల మాత్రం మండిపోతోంది. పరీక్ష ఫీజు, సర్టిఫికెట్, వెనకాల ఫ్లెక్సీ!

మాది విజయనగరం వైపు పల్లె. మల్లయోధుడు కోడి రామ్మూర్తి నాయుడు పుట్టిన వీరఘట్టం పేరు వింటేనే ఛాతీ విరుచుకునేవాళ్లం. చిన్నప్పుడు కర్రసాము నేర్పే గరిడీలో చేరితే గురువుగారు కర్ర ఇవ్వలేదు, అడుగులు వేయించారు. తడిపిన మట్టిలో మా పాదాల గుర్తులు వంగి చూసేవారు. మడమ అచ్చు పడకపోతే మళ్లీ మొదటి నుంచి. కర్ర చేతికొచ్చాక కణుపులు వాచాయి. ఎదుటివాడి నెత్తి మీదకి విసిరిన కర్ర బెత్తెడు దూరంలో ఆగాలి. తగిలిందా, ఆ రోజుకి మన సాము సరి. బెల్టూ లేదు, ఫొటో కూడా లేదు. దసరా ఊరేగింపులో నలుగురి ముందు తిప్పడమే పరీక్ష.

సోమవారం సాయంత్రం పనిగట్టుకుని క్లాసు చూడ్డానికి దిగాను. పాప 'హేయాన్ షోదాన్' చేస్తోంది, 21 కదలికల వరస. పిల్లల కోసం కరాటేని పలచన చేశారని గొణగడానికి వీల్లేదు. ఒకినావాలో కరాటే గురువు ఇతోసు అంకో ఈ వరసల్ని గత శతాబ్దం మొదట్లో బడిపిల్లల కోసమే కూర్చాడు. బెల్టులు జూడో నుంచి వచ్చినవి. తర్వాత జంటలుగా నిలబెట్టారు. పాప గుద్దు ఎదుటి కుర్రాడి ముక్కు ముందు ఠక్కున ఆగింది. అదే బెత్తెడు. వాడు కన్ను ఆర్పలేదు.

వరసల్లో సగం మంది ఆడపిల్లలే. మా గరిడీలో ఒక్కరూ లేరు. మా చెల్లి గోడవతల నిలబడి అడుగులన్నీ బట్టీ పట్టింది, దొడ్లో దండెం కర్రతో నాకన్నా బాగా తిప్పేది. లోపలికి రమ్మన్నవాళ్లు లేరు. గురువుగారు అనలేదు, నేనూ అడగలేదు.

అందుకే ఫీజుల మీద సణుగుడు ఈ వారానికి కట్టిపెట్టి ఒక మాట. మీ ఊళ్లో గరిడీ ఇంకా నడుస్తుంటే, వచ్చే దసరాకి ఆడపిల్లల చేతికీ కర్ర ఇప్పించండి.